తలుపుకి పెట్టిన బొట్టు

కథల్లో అన్నదమ్ములు కొట్టుకోబట్టే ఊళ్ళో అన్నదమ్ములు కొట్టుకుంటున్నారని ప్రభుత్వం వారికి ఎవరు చెప్పారో తెలియదు. చెప్పినవాడు మాత్రం గట్టివాడే. ఏడాది తిరక్కుండా కల్పిత కుటుంబ సామరస్య మండలి వెలిసింది. కాకినాడలో దానికో భవనం, భవనానికో బోర్డు, బోర్డు మీద అత్తాకోడళ్ళు ఒకే కంచంలో భోంచేస్తూ నవ్వుతున్న బొమ్మ.

ఇకమీదట రాష్ట్రంలో ఎవరు నవల రాసినా, అందులో బంధువులన్నవాళ్ళు ఉన్న పక్షంలో, అచ్చుకి ముందు మండలి ఆమోదముద్ర పడాలి. నిబంధనలు మరీ కఠినమైనవేం కావు. తగువు ఏ అధ్యాయంలో పుడితే ఆ అధ్యాయంలోనే చల్లారాలి. అత్తగారు కోడలితో మాట్లాడేటప్పుడు ‘సాధారణ గృహోపయోగ స్వరం’ దాటకూడదు. ఆస్తి పంపకాలు రాయదలుచుకున్నవారు, పంచుకున్నాక అందరూ కలిసి ఫోటో దిగినట్టు విధిగా రాయాలి.

రచయితలు తక్కువ తిన్నవాళ్ళు కాదు. బంధువులుంటేనే కదా ఈ బాధంతా అని, మొదటి పేజీలోనే పెళ్ళివారి బస్సుని కాలవలో పడేసి, మిగిలిన ఒక్కడితో మూడొందల పేజీలు లాగించడం మొదలుపెట్టారు. ఆ ఏడాది వచ్చిన నవలల్లో ప్రాణాలతో బయటపడ్డ మేనమామ ఒక్కడూ లేడు. మండలి వారు తమ వార్షిక నివేదికలో ‘కల్పిత కుటుంబ కలహములు గణనీయముగా తగ్గుముఖం పట్టినవి’ అని రాసుకుని, ఒకరికొకరు శాలువాలు కప్పుకున్నారు.

భ్రమరాంబకి బస్సుని కాలవలో పడేయడానికి మనసొప్పలేదు. కాకినాడలో ఆమె కాపురం. వారపత్రికలకి కుటుంబ నవలలు రాస్తూ జుట్టు నెరిసింది. ఏ పెళ్ళిలో ఎవరి విస్తట్లో బూరె పడకపోతే ఎంతకాలం మాటలుండవో ఆమెకి తెలిసినంతగా ఆ జిల్లాలో ఇంకెవరికీ తెలియదు. ఆమె కొత్త నవల ఇద్దరు అక్కచెల్లెళ్ళ గురించి. అక్క పేరు సుభద్ర. పదకొండేళ్ళుగా ఇద్దరికీ మాటల్లేవు. కారణం ఓ బొట్టు.

ఆడవాళ్ళని శుభకార్యానికి పిలవాలంటే ఇంటికెళ్ళి నుదుట బొట్టు పెట్టి పిలవాలి. ఇంట్లో ఎవరూ లేకపోతే వీధి తలుపుకి బొట్టు పెట్టి రావడమూ ఉంది, అదీ పిలుపు కిందే లెక్క. నవల్లో చెల్లెలు తన గృహప్రవేశానికి పిలవడానికి అక్కగారింటికి వెళ్తుంది. తలుపు తడుతుంది. ఎవరూ పలకరు. తలుపుకి బొట్టు పెట్టి వచ్చేస్తుంది. గృహప్రవేశానికి అక్క రాదు. ‘పిలిచింది తలుపుని కదా, తలుపునే రమ్మనమను’ అని కబురు పంపుతుంది. అంతే.

ఇందులో కల్పన ఎంతో భ్రమరాంబకి తెలుసు. అక్క పేరు మాణిక్యాంబ అయితే సుభద్ర అని మార్చింది, అదీ కల్పన. మిగిలిందంతా జరిగిందే. పేర్లయితే మార్చగలదు గానీ ఇళ్ళు మార్చడం ఆమె వల్ల కాదు. కళ్ళకి కట్టే ఇల్లు లేకపోతే కలం ముందుకి కదలదు. అందుకని రామచంద్రపురంలో అక్కగారి ఇంటిని వీధితో సహా, ఎత్తరుగులతో సహా, తలుపుకి ఉన్న ఇత్తడి కడియంతో సహా దించేసింది.

మాణిక్యాంబ చెల్లెలి సీరియల్ ఒక్క వారం కూడా వదలదని, పత్రిక రావడం ఆలస్యమైతే వీధి అరుగు మీదే కూర్చుంటుందని చుట్టాలు చెబుతూనే ఉన్నారు. చదువుతుంది, పలకదు. అక్కతో మాట్లాడటానికి భ్రమరాంబకి మిగిలిన దారి అదొక్కటే. ఈ నవల చివరి అధ్యాయంలో చెల్లెలు మళ్ళీ ఆ గుమ్మం ఎక్కుతుంది. అక్కడిదాకా అక్క చదువుతూ రావాలి. మండలి చెప్పినట్టు మొదటివారమే కలిపేస్తే రెండోవారం అక్క పత్రిక ఎందుకు తెప్పించుకుంటుంది?

నవలని ఆమోదానికి పంపగానే పిలుపు రానే వచ్చింది. మండలి అధ్యక్షులు పరబ్రహ్మం గారు ఉద్యోగమంతా మత్స్యశాఖలో చేసి, విశ్రాంతి తీసుకోబోయే వేళకి కుటుంబాల మీదికి మళ్ళించబడ్డవారు. ప్రతి వాక్యం చివరా సంతకం పెడుతున్నట్టు కాసేపు ఆగి మాట్లాడతారు.

“అమ్మా, సదరు అక్కగారికినీ, సదరు చెల్లెలుగారికినీ నడుమ పదకొండు సంవత్సరముల సంభాషణా రాహిత్యము నెలకొని ఉన్నట్లు మండలి దృష్టికి వచ్చినది. దీనిని మేము ఉపేక్షింపజాలము,” అన్నారాయన.

“కథండీ అది,” అంది భ్రమరాంబ.

“కథ కాబట్టే మా దృష్టికి వచ్చినది. నిజమైనచో మాకు సంబంధము లేదు.”

“ఆఖర్న కలుస్తారండీ. చివరి అధ్యాయంలో.”

“అంతవరకు వేచియుండుటలో ఎన్ని కుటుంబములు దెబ్బతినునో ఆలోచించితిరా? మొదటి అధ్యాయమునందే చెల్లెలుగారు చరవాణి ద్వారా క్షమాపణ తెలిపినచో సరిపోవును గదా?”

“ఫోన్లో పిలిస్తేనే కొంపలంటుకుంటాయండీ. ఇంకా ఫోన్లో క్షమాపణా?”

పరబ్రహ్మం గారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. ఆయన మనసు నొచ్చుకున్నట్టే కనిపించింది. “పోనిండు. ఇందు ఇంకొక లోపము కలదు. మీరు ఆసాంతం చెల్లెలి పక్షమున వ్రాసినారు. సుభద్రగారి వాదన ఎక్కడ?”

“ఆవిడ లేదండీ. పాత్ర.”

“పాత్ర అయినంత మాత్రాన న్యాయం అక్కరలేదా? ఇరుపక్షములను విచారించకుండ మండలి ముద్ర వేయుట జరగదు. సుభద్రగారికి నోటీసు జారీ చేయవలసినదిగా ఆదేశించడమైనది. చిరునామా నవల రెండవ అధ్యాయమున స్పష్టముగా ఉన్నది.”

భ్రమరాంబ లేచి నిలబడింది. “అలాంటి ఇల్లు లేదండీ బాబూ, ఊరికే రాశాను!”

“లేనిచో మా అధికారిణి లేదనియే నివేదించును. భయమేల?”

ఆ అధికారిణి పేరు హేమసుందరి. కొత్తగా ఉద్యోగంలో చేరిన మనిషి, నిబంధనలంటే ప్రాణం. నవల ప్రతి చంకలో పెట్టుకుని రామచంద్రపురం వెళ్ళింది. మూడో రోజుకల్లా కాకినాడ వచ్చి, భ్రమరాంబ ఇంటికే వచ్చి, కాళ్ళు కడుక్కోకుండానే శుభవార్త చెప్పింది.

“ఇల్లు దొరికిందండీ! మీరు రాసినట్టే ఉందండీ, అరుగులూ అవీనూ. కడియం చూడగానే నాకైతే ఒళ్ళు జలదరించిందండీ. రెండుసార్లు తట్టాను. ఎవరూ పలకలేదు. నిబంధన ప్రకారం నోటీసు తలుపుకి అంటించి వచ్చేశాను.”

భ్రమరాంబ చేతిలో మంచినీళ్ళ గ్లాసు చేతిలోనే ఉండిపోయింది. “తలుపుకా! పెరట్లోకి వెళ్ళి చూడలేకపోయావా తల్లీ?”

“పెరడు గురించి నిబంధన లేదండీ.”

భ్రమరాంబకి కోపం రావాల్సింది. రాలేదు. సిగ్గేసింది. పదకొండేళ్ళ కిందట ఆమెకీ పెరడు గురించి నిబంధన గుర్తుకు రాలేదు. ఇంతలో లోపల్నుంచి ఆమె భర్త వీరభద్రం పేపరు మడుచుకుంటూ వచ్చాడు. విషయం విని పడక్కుర్చీలో కూలబడ్డాడు.

“మళ్ళీ తలుపుకే! అయిపోయిందే, ఈసారి మీ అక్క ఊరుకోదు. నేను రావులపాలెం మా తమ్ముడింటికి పోతాను,” అన్నాడు.

ఆయన వెళ్ళలేదు గానీ, విచారణ రోజున మండలి హాల్లో గుమ్మానికి దగ్గరగా ఉన్న కుర్చీ చూసుకుని కూర్చున్నాడు. పారిపోవడానికి వీలుగా ఉంటుందని.

హాల్లో లక్ష్మీదేవి పటం, దాని ముందు దీపం, పసుపు కుంకుమలు అమర్చి ఉన్నాయి. పరబ్రహ్మం గారు ఆసీనులయ్యారు. పక్కన గుమస్తా. బిళ్ళబంట్రోతు వరండాలోకి వెళ్ళి, “సుభద్రా! సుభద్రా! సుభద్రా!” అని మూడు దిక్కులకీ పిలిచాడు. లేని మనిషి రాదు కదా అని భ్రమరాంబ ఊపిరి పీల్చుకునేలోపే వీధిలో ట్రాలీ ఆటో ఆగిన చప్పుడైంది.

ముందు తలుపు వచ్చింది. నిలువెత్తు టేకు తలుపు. ఇత్తడి కడియం, దాని కింద మండలి నోటీసు, అన్నీ దానికే ఉన్నాయి. ఒక కొస ఆటో అబ్బాయి, రెండో కొస మాణిక్యాంబ భర్త సత్యానందం పట్టుకుని రొప్పుతూ మోసుకొచ్చారు. వెనకాల గంజి పెట్టిన నేత చీర కట్టుకుని మాణిక్యాంబ వచ్చింది. చెల్లెలి వైపు చూడలేదు. తిన్నగా అధ్యక్షుల ముందుకి వెళ్ళి నిలబడింది.

“ఈ కాయితం మీరే అంటించారాండీ?”

“మా అధికారిణి అంటించినది.”

“దేనికి అంటించారండీ?”

“తలుపునకు.”

“ఆయ్. అదిగో, తీసుకొచ్చాను. ఏం అడుగుతారో దాన్నే అడగండి. నేను ఊరికే తోడొచ్చాను.”

ఇంకొకరైతే తడబడేవారే. పరబ్రహ్మం గారు తడబడలేదు. పిలుపు తలుపుకి అందింది, తలుపు హాజరైంది, ప్రక్రియలో లోపమేమీ ఆయనకి కనబడలేదు.

“హాజరు వేయండి,” అన్నారు.

గుమస్తా కలం తీశాడు. “వయసెంతండీ?”

“మా తాతగారి నాటిదండీ. అసలైన టేకు,” అన్నాడు సత్యానందం చెమట తుడుచుకుంటూ.

“సదరు తలుపు తన పక్షమున ఏమైనా విన్నవించుకొనదలచినదా?” అని అధ్యక్షులు అడిగి, న్యాయంగా ఎంతసేపు ఆగాలో అంతసేపూ ఆగారు. “లేదు. మౌనము నమోదు చేయడమైనది.”

భ్రమరాంబకి ఇదేదీ వినబడటం లేదు. అక్క జుట్టు పూర్తిగా తెల్లబడిపోయింది. ఆ మాట చుట్టాల్లో ఒక్కరూ చెప్పలేదు. చీరే మనిషిని మోస్తున్నట్టుంది, అంత చిక్కిపోయింది. ఆమె కళ్ళు అక్క మీద నిలవలేక తలుపు మీదికి పోయాయి. తలుపంతా నిగనిగలాడే ఆకుపచ్చ రంగు. మనిషి ఎత్తున ఒక చోట మాత్రం అరచేతి మేర రంగు లేదు. పాత రంగే వెలిసిపోయి ఉంది. దాని నడుమ గోధుమరంగు మచ్చ. అది తను పెట్టిన బొట్టు.

సత్యానందం ఆమె చూపు పసిగట్టాడు. ఏళ్ళ తరవాత మరదలితో మాట్లాడే అవకాశం దొరికినందుకు పాపం సంతోషించాడు కూడా. “ఏటేటా రంగులు వేయిస్తామమ్మా. రంగులవాడి పక్కన మీ అక్క నిలబడి, అంత మేరా వదిలెయ్యమంటుంది. వాడు పిచ్చిదనుకుంటున్నాడు.”

“మీరు ఊరుకోండి,” అంది మాణిక్యాంబ. “సాక్ష్యం చెరిపేస్తే రేపు ఎవరు నమ్ముతారు, నన్ను వదిలేసి తలుపుని పిలిచిందంటే?”

“రెండుసార్లు తట్టానక్కా,” అంది భ్రమరాంబ. ఆ ‘అక్కా’ ఎలా వచ్చిందో ఆమెకే తెలియదు.

“ఇంకోసారి తట్టడానికి చెయ్యి రాలేదా? పెరట్లో ఆవకాయ కలుపుతున్నానే. మోచేతుల దాకా కారం. గబగబా కడుక్కుని వచ్చేసరికి నువ్వు లేవు, తలుపు మీద బొట్టుంది.”

“ఎండ మండిపోతోంది. ఇంకా పదిళ్ళు పిలవాలి...”

“ఆ పదిళ్ళలో నేనొకదాన్నా?” మాణిక్యాంబ గొంతు హాలు దాటి వీధిలోకి వెళ్ళింది. “నీ వెనకాల కుంకుమ భరిణె పట్టుకుని ఊరంతా తిరగాల్సినదాన్ని. నన్నే పిలవడానికి వచ్చి, తలుపుకి పెట్టి పోతావా? మళ్ళీ కథల్లో రాస్తున్నావు కూడాను, తలుపు చప్పుడు విని కూడా సుభద్ర కావాలనే రాలేదని. మీ నోటీసులో చదివానులే.”

మూడు దశాబ్దాలుగా తగువులు రాసి బతికిన మనిషి, తన తగువులో ఒక్క మాట దొరక్క నిలబడింది.

“స్వరము గృహోపయోగ స్థాయిని మించినది,” అని పరబ్రహ్మం గారు బల్ల మీద తట్టారు. “కథకూ సాక్ష్యమునకూ వైరుధ్యము కనబడుచున్నందున ఘటనను పునర్నిర్మింపవలెనని మండలి భావించుచున్నది. తలుపును నిలబెట్టుడు. సుభద్రగారు లోపలి వైపు. రచయిత్రిగారు చెల్లెలి స్థానమున, వెలుపలి వైపు. అప్పుడు జరిగినది జరిగినట్లు, ఏమియు కలపక, ఏమియు విడువక, చేసి చూపవలెను.”

హాలు నడిమధ్య తలుపు నిలిచింది. బావగారు ఒక పక్కా ఆటో అబ్బాయి ఒక పక్కా పట్టుకున్నారు. మాణిక్యాంబ మొహం ముడుచుకుని తలుపు వెనక్కి వెళ్ళింది. హేమసుందరి లక్ష్మీదేవి పటం దగ్గర్నుంచి కుంకుమ భరిణె తెచ్చి భ్రమరాంబ చేతికిచ్చింది.

భ్రమరాంబ తట్టింది. లోపల్నుంచి పలుకు లేదు.

మళ్ళీ తట్టింది. లేదు.

“ఇప్పుడు తలుపునకు బొట్టు పెట్టవలెను,” అన్నారు పరబ్రహ్మం గారు గ్రంథం చూసుకుంటూ. “మూలములో అట్లే ఉన్నది.”

ఆమె వేలికి కుంకుమ అద్దుకుంది. ఎదురుగా పాత మచ్చ, దాని చుట్టూ ఏటేటా తప్పించి వేసిన రంగు. పదకొండేళ్ళు అక్క ఈ మచ్చని చూసుకుంటూ గుమ్మం దాటిందన్న సంగతి అప్పటికి గానీ ఆమె బుర్రకెక్కలేదు. వేలు దించేసింది. రెండో చేత్తో కడియం పట్టుకుని దబదబా కొట్టింది.

“అక్కా! అక్కోయ్! పెరట్లో ఉన్నావా?”

“అభ్యంతరము! ఈ తట్టుట మూలములో లేదు!” అన్నారు పరబ్రహ్మం గారు.

సత్యానందం తలుపు పక్కనుంచి భార్య వైపు తొంగి చూశాడు. వీరభద్రం కుర్చీలోంచి లేచాడు, ఈసారి పారిపోవడానికి కాదు.

“ఉన్నానే,” అంది మాణిక్యాంబ. “చేతులు కారంగా ఉన్నాయి. ఆగు, వస్తున్నా.”

తలుపు తెరుచుకునే వీల్లేదు కాబట్టి పక్కనుంచి తిరిగి వచ్చింది. భ్రమరాంబ అక్క నుదుట బొట్టు పెట్టింది. కుంకుమ కాస్త ముక్కు మీద కూడా పడింది.

“దేనికి పిలుస్తున్నావేం?” అంది మాణిక్యాంబ ముక్కు తుడుచుకోకుండానే.

“గృహప్రవేశానికి.”

“ఇన్నాళ్ళకా?”

“నువ్వు ఇంకా రాలేదుగా.”

ఆ తరవాత ఇద్దరూ ఏడ్చారు. సత్యానందం కూడా ఏడ్చాడు గానీ తలుపు పట్టుకుని ఉండటం వల్ల తుడుచుకోలేకపోయాడు. అందరికంటే ఎక్కువ కలవరపడింది పరబ్రహ్మం గారు.

“ఒక్క క్షణము. తాము నిజముగా అక్కచెల్లెళ్ళా?”

“మీకెలా కనబడుతున్నామండీ?” అంది మాణిక్యాంబ.

ఆయన గుమస్తాతో చాలాసేపు గుసగుసలాడారు. చివరికి లేచి నిలబడి తీర్పు చదివారు. సదరు కలహము నిజమని, సదరు అక్కగారు ఉన్నారని నిర్ధారణ అయినందున, ఈ నవల కల్పన కిందికి రాదు. నిజమైన కుటుంబముల కలహములు ఈ మండలి పరిధిలోనివి కావు. కావున రచయిత్రి ఎన్ని వారములైనను, ఎంత గట్టిగానైనను తగువు వ్రాసుకొనవచ్చును. తలుపు మాత్రం విచారణకు హాజరైన పక్షమైనందున, ఫైలు మూసేవరకు మండలి వద్దనే ఉండవలెను.

వీధి తలుపు లేని ఇంటికి వెళ్ళి ఏం చేస్తానని మాణిక్యాంబ చెల్లెలింటికే వచ్చింది. సత్యానందం మాత్రం రామచంద్రపురం వెళ్ళి, ఖాళీ గుమ్మంలో మడతమంచం వేసుకుని కాపలా పడుకున్నాడు. మండలిలో ఫైళ్ళు ఎలా మూస్తారో తెలిసిందే కదా. గృహప్రవేశానికి వచ్చిన చుట్టం బెండకాయలు అయిపోయి దొండకాయలు వచ్చేదాకా ఉంది. వంటిల్లు ఇరుకన్నది, దేవుడి గది దిక్కు బాలేదన్నది, చెల్లెలి చారులో మిరియాలు ఎక్కువన్నది. భ్రమరాంబ ప్రతిదానికీ ఎదురు చెప్పింది. ఆ ఇంట్లో అంత సందడి ఎప్పుడూ లేదని వీరభద్రం అన్నాడు.

మధ్యలో హేమసుందరి వచ్చి, ఫైలు మూశామని, తలుపు తీసుకుపోవచ్చని చెప్పింది.

“మేం తీసుకుపోవడమేంటి? పిలిచినవాళ్ళు మీరు. మర్యాదగా మీరే దిగబెట్టాలి,” అంది మాణిక్యాంబ.

దిగబెట్టడం గురించి నిబంధన ఉందో లేదో వెతకడానికి మండలికి మరికొంత కాలం పట్టింది. చివరికి ప్రభుత్వ వాహనంలో, హేమసుందరి తోడురాగా, తలుపు రామచంద్రపురం చేరింది. వెనకే మాణిక్యాంబా చేరింది.

నవల వారం వారం అచ్చవుతూ వచ్చింది. భ్రమరాంబ దానికి ఒక కొత్త అధ్యాయం చేర్చింది, అందులో తలుపు తట్టినప్పుడు సుభద్ర పెరట్లో ఉంటుంది. ఆ వారం పత్రిక వచ్చిన పొద్దున్నే ఫోను మోగింది.

“ఏమే, నేను కలిపింది ఆవకాయ అయితే నువ్వు మాగాయ అని రాశావేంటే? మండలిలో అందరి ముందూ చెప్పానే! ఊళ్ళో అందరూ నవ్వుతున్నారు. ఇంక జన్మలో నీతో మాట్లాడను,” అని పెట్టేసింది మాణిక్యాంబ.

మర్నాడు పొద్దున్న మళ్ళీ మోగింది. “నిన్న చెప్పింది గుర్తుందా? నీతో మాట్లాడను,” అని మొదలుపెట్టి, కోడలి సంగతీ, మోకాళ్ళ సంగతీ, రంగులవాడు వచ్చిన సంగతీ చెప్పి, పొయ్యి మీద పాలు పొంగుతుంటే పెట్టేసింది. ఆ మర్నాడూ అంతే. ఇప్పటికీ అంతే.

నవల పుస్తకంగా వేస్తున్నప్పుడు సంపాదకుడు ఫోను చేసి, మాగాయ సంగతి పాఠకులు చాలామంది పట్టుకున్నారని, దిద్దేద్దామా అని అడిగాడు.

“వద్దండీ. అది అలాగే ఉండనివ్వండి,” అంది భ్రమరాంబ.